ఎందుకు తీసేశారో చెప్పండి చాలు

మేస్త్రి గారి టెండరు పోయిన రోజు నాకు బాగా గుర్తు. సాయంత్రం ఐదు దాటింది. టెక్నికల్ బిడ్ల, అంటే రేటు తెరిచే ముందు చూసే అర్హత కాగితాల, ఫలితం పోర్టల్లో పెట్టారని ఎవరో ఫోన్ చేస్తే, సైటు దగ్గర్నుంచి అలాగే వచ్చేశారు. చెప్పులకు సిమెంటు, చొక్కా జేబులో టేపు. నా కంప్యూటరు పక్కన స్టూలు లాక్కుని కూర్చున్నారు. నలుగురు వేసిన టెండరు అది. ఇద్దరి పేర్లకు ఎదురుగా క్వాలిఫైడ్ అని ఉంది. మిగతా ఇద్దరికీ ఎదురుగా నాట్ రెస్పాన్సివ్ అని ఉంది. ఆ ఇద్దరిలో మేస్త్రి గారు ఒకరు.

"అంటే ఏంటి బాబూ?"

"మన బిడ్డు పక్కన పెట్టారండీ. ఇక మన రేటు తెరిచి చూడరు."

"ఎందుకు పెట్టారు?"

అది స్క్రీన్ మీద లేదు. పేజీ పైకీ కిందకీ తిప్పి చూశాను. ఎక్కడా లేదు.

చిన్న కాంట్రాక్టర్లకు టెండరు పేపర్లు సిద్ధం చేసి అప్‌లోడ్ చేయడం నా పని. మా జిల్లా కేంద్రంలో పద్నాలుగేళ్ళుగా ఇదే చేస్తున్నాను. ఎక్స్‌పీరియెన్స్ సర్టిఫికెట్లు, టర్నోవర్ కాగితాలు, మెషినరీ ఇన్‌వాయిసులు స్కాన్ చేయడం, 2ఏఎన్-బి అనే సూత్రంతో లెక్క కట్టి బిడ్ కెపాసిటీ, అంటే ఆ పని చేసే సత్తా, సరిపోతుందో లేదో చూడటం, డిజిటల్ కీ పెట్టి సబ్మిట్ చేయడం. తాపీ పని నుంచి పైకొచ్చి సొంతంగా పనులు పట్టే స్థాయికి చేరిన మనిషి కాబట్టి ఆయన్ని ఊరంతా మేస్త్రి గారనే పిలుస్తుంది. ఆ పని ఓ మండల కేంద్రంలో హాస్టల్ భవనం. ఈఎండీ, అంటే టెండరుతో పాటు పెట్టాల్సిన ధరావతు కోసం భార్య పేరు మీదున్న ఫిక్స్‌డ్ డిపాజిట్ మీద బ్యాంక్ గ్యారెంటీ తెచ్చారు.

మర్నాడు ఆఫీసుకు వెళ్తే, కమిటీ చూసింది, మాకేం తెలీదు అన్నారు. సమాచార హక్కు కింద దరఖాస్తు పెట్టించాను. నెల దాటాక జవాబు వచ్చింది. ఎక్స్‌పీరియెన్స్ సర్టిఫికెట్ మీద ఈఈ (ఎగ్జిక్యూటివ్ ఇంజనీరు) సంతకం ఉంది కానీ ఆయన పై అధికారి ఎస్ఈ (సూపరింటెండింగ్ ఇంజనీరు) కౌంటర్ సైన్ లేదట. సరే, అది తప్పే అనుకుందాం. అదే జవాబుతో పాటు పని దక్కినవారి కాగితాల నకళ్ళు కూడా ఇచ్చారు. వాళ్ళ సర్టిఫికెట్ మీద కూడా ఎస్ఈ సంతకం లేదు.

అప్పుడు ప్రభుత్వ నిర్ణయాన్ని సవాలు చేస్తూ హైకోర్టులో రిట్ వేశాం. వేసేటప్పటికే అగ్రిమెంటు అయిపోయింది. కేసు విచారణకు వచ్చేటప్పటికి పునాదులు లేచి పిల్లర్లు పోశారు. పని సగం అయిందని, ఇప్పుడు ఆపితే పిల్లలకు హాస్టల్ ఉండదని ప్రభుత్వ ప్లీడరు చెప్పారు. ఆయన చెప్పింది నిజమే. నష్టపరిహారం కావాలంటే సివిల్ కోర్టుకు వెళ్ళొచ్చని చెప్పి పిటిషన్ ముగించేశారు. బయటికొచ్చాక మేస్త్రి గారు ఒక్క మాటే అన్నారు. "మొదటి రోజే చెప్పుంటే సరిపోయేది కదా బాబూ. తప్పు నాదైతే ఇంటికెళ్ళి పడుకునేవాణ్ణి."

టెండరు కేసుల గురించి పేపర్లలో వార్త వచ్చినప్పుడల్లా, ఓడిపోయినవాళ్ళు అభివృద్ధికి అడ్డుపడుతున్నారనే మాటే ఎక్కువ వినిపిస్తుంది. ఆ మాటలో నిజం లేదని నేను అనను. ఆ బాధ మా ఇంటికీ తెలుసు. మా అమ్మమ్మ వాళ్ళ ఊరికి వాగు మీద వంతెన మంజూరైంది. టెండరు అయింది, పిల్లర్లు లేచాయి. ఓడిన కాంట్రాక్టరు కోర్టుకెళ్ళి ఎక్కడి పని అక్కడే ఆపాలన్న స్టేటస్ కో తెచ్చుకున్నాడు. ఆయన అభ్యంతరం ఏమిటంటే గెలిచినాయన పెట్టిన ఒక మెషిన్ ఇన్‌వాయిస్‌కు నోటరీ లేదని. దాని మీద రెండు వానాకాలాలు గడిచాయి. బస్సు వాగు ఇవతలే ఆగిపోయేది. మా పిన్ని పాలక్యాను నెత్తిన పెట్టుకుని, చెప్పులు చేత్తో పట్టుకుని మోకాలి లోతు నీళ్ళలో దాటడం నేను చూశాను. వంతెన ఎప్పుడవుతుందని ఎవరినడిగినా "కోర్టులో ఉందటగా" అనేవారు. ఆ కాంట్రాక్టరుకు నోటరీ మీద అంత పట్టింపు ఉందని నేను నమ్మను. నాకు రాని పని నీకూ జరగనివ్వనన్న పంతమే అది. బేరానికి దారి అని కూడా కొందరు అన్నారు.

కాబట్టి ఈ రెండు మొహాలూ నేను దగ్గర్నుంచి చూసినవే. ఇన్నేళ్ళుగా ఇదే పనిలో ఉండి నేను గట్టిగా నమ్మేది ఒక్కటే. మేస్త్రి గారికి న్యాయం దక్కకపోవడానికీ, మా పిన్ని వాగు దాటాల్సి రావడానికీ కారణం ఒకటే జబ్బు. బిడ్డు ఎందుకు తీసేశారన్నది దాచి, ఆఘమేఘాల మీద అగ్రిమెంటు చేసేసి, ఆ తర్వాత తగువంతా కోర్టు గుమ్మం దగ్గర పడేస్తున్నారు. తగువు తీరాల్సిన సమయం అగ్రిమెంటుకు ముందు. మన దగ్గర అది అగ్రిమెంటు తర్వాతే మొదలవుతుంది.

ఈ కథ కొత్తది కాదు. టెండర్ల విషయంలో ప్రభుత్వాన్ని రాజ్యాంగంలో సమానత్వం చెప్పే 14వ అధికరణానికి కట్టిపడేసిన తొలి తీర్పుల్లో పెద్దది 1979లో వచ్చింది. బొంబాయి విమానాశ్రయంలో ఒక రెండో తరగతి రెస్టారెంటు, రెండు స్నాక్ బార్లు నడపడానికి ఎయిర్‌పోర్ట్ అథారిటీ టెండరు పిలిచింది. కనీసం అయిదేళ్ళ అనుభవమున్న, రిజిస్టరైన రెండో తరగతి హోటలు యజమాని అయి ఉండాలన్నది షరతు. నెలకు 6,666 రూపాయల 66 పైసలు ఇస్తానన్నవారికి పని దక్కింది. ఆయన క్యాంటీన్లు నడిపిన మనిషి, హోటలు యజమాని కాదు. రమణ దయారాం శెట్టి అనే ఆయన కోర్టుకెక్కారు. శెట్టి అసలు టెండరే వేయలేదు. షరతు సడలిస్తారని తెలిస్తే నేనూ వేసేవాణ్ణి కదా అన్నది ఆయన వాదన. సుప్రీంకోర్టులో జస్టిస్ భగవతి ఆ వాదన ఒప్పుకున్నారు. ప్రభుత్వం తాను పెట్టిన షరతును తానే మీరడానికి వీల్లేదు, తనకిష్టమొచ్చినవాళ్ళకు పంచిపెట్టడానికి ఇది సొంత ఆస్తి కాదన్న సూత్రం అక్కడ స్థిరపడింది. ఈ రోజుకీ టెండరు రిట్ వేసే ప్రతి వకీలూ ఆ తీర్పు తీస్తాడు.

అయితే శెట్టికి ఏమీ దక్కలేదు. కోర్టుకు ఆలస్యంగా వచ్చావు, ఈలోగా అవతలివారు డబ్బు పెట్టి ఏర్పాట్లు చేసుకున్నారు, పైగా నీ వెనుక వేరేవాళ్ళున్నట్టున్నారు అంటూ అప్పీలు కొట్టేశారు. సూత్రం దేశానికి మిగిలింది, క్యాంటీన్లాయన రెస్టారెంటు నడుపుకున్నాడు. మా మేస్త్రి గారికి నలభై ఏళ్ళ తర్వాత జరిగింది సరిగ్గా ఇదే.

ఆ తర్వాత కోర్టులు క్రమంగా వెనక్కి జరిగాయి. 1994లో టాటా సెల్యులార్ కేసు. ఢిల్లీ, బొంబాయి, కలకత్తా, మద్రాసు నగరాల మొబైల్ లైసెన్సుల తగాదా అది. ప్రభుత్వం తీసుకున్న నిర్ణయం జోలికి పోము, ఆ నిర్ణయానికి వచ్చిన పద్ధతి సక్రమంగా ఉందా లేదా అన్నదే చూస్తామని సుప్రీంకోర్టు చెప్పింది. ఖాపర్‌ఖేడా థర్మల్ కేంద్రం పని మీద హైదరాబాద్ కంపెనీ ఐవీఆర్ కన్‌స్ట్రక్షన్‌కూ రౌనక్ ఇంటర్నేషనల్‌కూ నడిచిన కేసులో, స్టే వల్ల పని ఆలస్యమైతే ఖర్చు పెరుగుతుందని, ఆ స్టే తెచ్చుకున్నవాళ్ళే దానికి బాధ్యత వహించాలని చెప్పింది. మా ఊరి వంతెన గురించి ఆలోచించినప్పుడల్లా నాకు ఆ మాట గుర్తొస్తుంది. చాలా మంచి మాట. కింది స్థాయిలో అమలైతే నేను చూడలేదు. 2006లో జగదీశ్ మండల్ కేసులో ఇంకాస్త ఘాటుగా చెప్పింది. ఊహించుకున్న మనోవేదనలు, దెబ్బతిన్న అహం, వ్యాపార వైరం పెట్టుకుని గోరంతను కొండంత చేసేవాళ్ళను పట్టించుకోనక్కర్లేదన్నది. తమిళనాడు మద్యం సీసాల హోలోగ్రామ్ టెండరు కేసులోనైతే, 2021లో, ఓడినవాళ్ళు గెలిచినవాళ్ళ ఖర్చులు భరించాలని చెప్పింది.

ఇక్కడిదాకా నాకు పేచీ లేదు. నా పేచీ రెండు చోట్ల.

మొదటిది, టెండరు షరతుకు అర్థం ఏమిటో ఆ షరతు రాసినవాళ్ళకే బాగా తెలుసు, వాళ్ళ మాటే తీసుకోవాలన్న ధోరణి. 2016లో నాగపూర్ మెట్రో కేసు నుంచి ఇది బలపడింది. మెట్రో రైలు లాంటి సాంకేతిక విషయాల్లో అది సబబే. మా ఎస్ఈ సంతకం లాంటి వాటిలో కాదు. షరతు రెండు రకాలుగా చదవడానికి వీలుగా రాసి, నచ్చినవాళ్ళకు ఒక రకంగా, నచ్చనివాళ్ళకు ఇంకో రకంగా చదివే చోట, రాసినవాళ్ళనే అర్థం అడిగితే ఏం చెబుతారు? టెండరు పేపర్లు తయారుచేసేవాళ్ళం ఫలానా షరతు ఎవరి కొలతలకు కుట్టారో చదవగానే చెప్పగలం. ఇన్ని కిలోమీటర్ల లోపల రోడ్డుకు తారు కలిపే సొంత హాట్‌మిక్స్ ప్లాంటు ఉండాలన్నప్పుడు, ఆ లోపల ప్లాంటు ఎవరికుందో జిల్లాలో అందరికీ తెలుసు. సుప్రీంకోర్టుకు ఇది తెలియదని కాదు. ఛత్తీస్‌గఢ్‌లో బడిపిల్లల ఆట సామాన్ల కిట్ల టెండరుకు, గతంలో ఆ రాష్ట్ర ప్రభుత్వ సంస్థలకే 6 కోట్ల రూపాయల సరుకు అమ్మి ఉండాలన్న షరతు పెడితే, 2025 అక్టోబరులో దాన్ని కొట్టేసింది. బయటివాడికి తలుపు మూసేసే షరతు అది.

రెండోది నన్ను ఇంకా బాధపెట్టేది. 2018లో స్పెసిఫిక్ రిలీఫ్ చట్టాన్ని సవరించి, మౌలిక సదుపాయాల పనులు ఆలస్యమయ్యేలా సివిల్ కోర్టులు ఇంజంక్షన్లు, అంటే పని ఆపమనే ఉత్తర్వులు, ఇవ్వకూడదన్నారు. 2022లో ఎన్‌జీ ప్రాజెక్ట్స్ కేసులో, ఝార్ఖండ్ రోడ్డు పని అది, సుప్రీంకోర్టు ఆ స్ఫూర్తిని రిట్లకూ తీసుకొచ్చింది. అన్యాయం జరిగిందని తేలినా సరే పని ఆపకండి, నష్టపరిహారం అడుక్కోమని చెప్పండి అన్నది దాని సారం.

నష్టపరిహారం అనేది ఎంత దూరంలో ఉందో ఒక్కసారి లెక్కేసి చూడండి. రిట్ కోర్టు లెక్కలు తేల్చదు. సివిల్ దావా వేయాలి. అడిగిన మొత్తాన్ని బట్టి కోర్టు ఫీజు ముందే కట్టాలి. ఆ పని నాకే వచ్చేదని రుజువు చేయాలి. మేస్త్రి గారి ప్రైస్ బిడ్ తెరవనే లేదు కదా, ఆయన ఎల్1, అంటే అందరికంటే తక్కువ రేటు వేసినవాడు, అయ్యేవారని ఎలా రుజువు చేస్తారు? పోనీ చేశారే అనుకోండి, లాభం ఎంత వచ్చేదో చూపించాలి. స్టీలు ధర ఎంతుండేది, ఇసుక ఎక్కణ్ణుంచి వచ్చేది, బిల్లు ఎప్పుడు పాసయ్యేది. సాక్షులు, వాయిదాలు, అప్పీళ్ళు. ఈలోగా ఆయన ఎవరి మీద దావా వేశారో ఆ ఆఫీసులోనే పాత పనుల బిల్లుల కోసం రోజూ నిలబడాలి. పెద్ద కంపెనీలు దీన్ని తట్టుకోగలవు. క్లాస్-3 కాంట్రాక్టరుకు ఇది తలుపు వేసి గోడను చూపించడమే. మేస్త్రి గారు దావా వేయలేదు. వేయమని నేనూ చెప్పలేదు.

కోర్టులు పూర్తిగా చేతులెత్తేశాయని కూడా అనను. 2024లోనే రెండు తీర్పులు నాకు ధైర్యమిచ్చాయి. కోల్‌కతాలో అండర్‌పాస్‌ల నిర్వహణ టెండరు ఇచ్చి, తర్వాత ఇష్టానుసారం రద్దు చేస్తే ఆ రద్దు చెల్లదన్నది ఒకటి. రెండోది భారత్ కోకింగ్ కోల్ కేసు. ఒకరి బిడ్డును పవర్ ఆఫ్ అటార్నీ కాగితంలో లోపముందని తీసేసి, ఇంకొకరు అడిగిన కాగితాలు పెట్టకపోయినా చూసీ చూడనట్టు వదిలేసి పని ఇచ్చారు. సుప్రీంకోర్టు ఆ కాంట్రాక్టును రద్దు చేసి మళ్ళీ టెండరు పిలవమంది. ఆ వార్త చదివి మేస్త్రి గారికి ఫోన్ చేశాను. చాలాసేపు మాట్లాడలేదాయన. "అచ్చం మనదే కదా బాబూ" అన్నారు చివరికి.

కారణం దాచిపెట్టడం ఎంత దూరం తీసుకెళ్తుందో చూడాలంటే ఠాణే చూడాలి. ఠాణే నుంచి ఘోడ్‌బందర్, భాయందర్ వైపు సొరంగం, ఎలివేటెడ్ రోడ్డు, సుమారు 14 వేల కోట్ల పనులు. పిలిచింది ముంబై మహానగర అభివృద్ధి సంస్థ. ఎల్ అండ్ టీ బిడ్లను టెక్నికల్ దశలోనే తీసేశారు. తెరిచిన ధరల్లో మన హైదరాబాద్ కంపెనీ మేఘా ముందుంది. ఎందుకు తీసేశారన్నది పని అప్పగించాకే చెబుతామన్న పద్ధతి అక్కడి టెండరు షరతుల్లోనే ఉంది. బాంబే హైకోర్టు 2025 మేలో ఎల్ అండ్ టీ పిటిషన్లు కొట్టేసింది. సుప్రీంకోర్టుకు వచ్చేసరికి, తమ ధర సుమారు 3 వేల కోట్లు తక్కువని ఎల్ అండ్ టీ చెప్పింది. మళ్ళీ టెండరు పిలుస్తారా లేకపోతే స్టే ఇమ్మంటారా అని అప్పటి ప్రధాన న్యాయమూర్తి గవాయ్ ధర్మాసనం అడిగింది. మే 30న ఆ సంస్థ టెండర్లనే రద్దు చేసుకుంటున్నానని కోర్టుకు చెప్పింది. ఎవరి బిడ్డు సరైనదో నేను తేల్చబోవడం లేదు. తీసేసిన రోజే కారణం కాగితం మీద పెట్టి ఉంటే, అది నిలబడే కారణమో కాదో మొదటి వారంలోనే తేలిపోయేది. అంత పెద్ద పని మళ్ళీ మొదటికి వచ్చేది కాదు.

మన దగ్గర ఆలస్యం ఖరీదు ఎలా ఉంటుందో పోలవరం చూపించింది. 2019లో నవయుగ కంపెనీ కాంట్రాక్టు రద్దు చేసి, వచ్చిన తక్కువ ధర చూపించి ఇంకా తగ్గించమని పోటీ పెట్టే రివర్స్ టెండరింగుకు వెళ్ళారు. జలవిద్యుత్ కేంద్రం పని మీద ఆగస్టు 22న హైకోర్టు స్టే ఇచ్చింది. సెప్టెంబరులో 4,987 కోట్ల పనికి 12.6 శాతం తక్కువకు మేఘా ముందుకొచ్చింది. అక్టోబరు 31న హైకోర్టు స్టే ఎత్తేసింది, మర్నాడు పని మొదలైంది. గోదావరి మీద పని చేసుకునే రోజులు ఏడాదిలో కొన్నే. అదే ఏడాది 100 కోట్లు దాటిన పనుల టెండరు పత్రాలను ముందే ఒక న్యాయమూర్తికి చూపించాలన్న జ్యుడీషియల్ ప్రివ్యూ చట్టం తెచ్చారు. 2024లో దాన్నీ, రివర్స్ టెండరింగునూ తీసేశారు. రాజకీయాలు పక్కన పెట్టి చెబుతున్నాను, టెండరు పత్రాన్ని ముందే జనం ముందు పెట్టి అభ్యంతరాలు తీసుకోవడం మంచి ఆలోచన. కానీ అది షరతుల వరకే చూసింది. అసలు గొడవలు పుట్టేది బిడ్లు తెరిచాక జరిగే పరిశీలనలో. పైగా నా దగ్గరికొచ్చే పనుల్లో 100 కోట్లది ఒక్కటీ లేదు.

నేను అడిగేది చాలా చిన్నది. బిడ్డు తీసేసినప్పుడు ఏ షరతు, ఏ పేజీ, ఏ లోపం అన్నది అదే స్క్రీన్ మీద, అదే రోజు రాయాలి. పరిశీలన కమిటీ ఆ నోట్ ఎలాగూ రాసుకుంటుంది, దాన్ని అప్‌లోడ్ చేయడానికి అయిదు నిమిషాలు పట్టదు. క్వాలిఫై అయినవారి కాగితాలు కూడా పోటీపడినవాళ్ళందరికీ కనిపించాలి. ఆ తర్వాత పది రోజులు అగ్రిమెంటు చేయకూడదు. ఐరోపా దేశాల్లో ఇదే నియమం ఉంది, నిర్ణయం ఎలక్ట్రానిక్‌గా తెలియజేశాక కనీసం పది రోజులు ఆగాకే సంతకాలు. అమెరికాలో ఫిర్యాదును వంద రోజుల్లో తేల్చాలి. మన దేశంలో 2012లో పార్లమెంటులో పెట్టిన ప్రభుత్వ కొనుగోళ్ళ బిల్లు 2014లో మురిగిపోయింది. తమిళనాడు 1998లో, కర్ణాటక 1999లో సొంత చట్టాలు చేసుకుని అప్పీలుకు గడువులు పెట్టుకున్నాయి. అప్పీలు వినేది మళ్ళీ ప్రభుత్వమే కావడం వాటిలో లోపం. అయినా ఓడినవాడికి ఒక కాగితం, ఒక గడువు ఉన్నాయి. మన దగ్గర ఇప్పటికీ అంతా జీవోల మీద నడుస్తోంది.

ఆ పది రోజుల్లో కోర్టుకు వచ్చినవాళ్ళ కేసు వెంటనే విని తేల్చాలి. గడువు దాటాక వచ్చినవాళ్ళకు స్టే ఇవ్వొద్దు, అప్పుడు మేస్త్రి గారైనా సరే. స్టే తీసుకుని ఓడిపోయినవాళ్ళ దగ్గర ఆలస్యం ఖర్చు వసూలు చేయాలి. మా ఊరి వాగు దగ్గర ఆగిపోయిన రెండేళ్ళకు ఒక ధర ఉంటుంది, దాన్ని ఎవరో ఒకరు కట్టాలి. ఇప్పుడు మా పిన్నిలాంటివాళ్ళు కడుతున్నారు.

కారణాలు రాస్తే కేసులు ఇంకా పెరుగుతాయని ఒక ఇంజనీరు గారు నాతో అన్నారు. నా అనుభవం వేరు. నా దగ్గరికొచ్చే కాంట్రాక్టర్లలో కోర్టు ఖర్చు భరించగలిగినవాళ్ళే తక్కువ. ఎవరూ సరదాకి హైదరాబాదుకో అమరావతికో వెళ్ళి వకాల్తా మీద సంతకం పెట్టరు. ఫలానా కాగితం లేదని చూపిస్తే పదిమందిలో తొమ్మిదిమంది తలూపి వెళ్ళిపోతారు. నేనే అప్‌లోడ్ చేయడం మర్చిపోయానని తెలిసి ఒకసారి ఒకాయన నన్ను తిట్టాడు, మర్నాడు ఇంకో టెండరు వేయించుకోవడానికి వచ్చాడు.

పోయిన నెల మేస్త్రి గారు మళ్ళీ వచ్చారు. అంగన్‌వాడీ భవనం, చిన్న పని. ఈసారి ఎక్స్‌పీరియెన్స్ సర్టిఫికెట్ ప్లాస్టిక్ కవర్లో పెట్టుకుని తెచ్చారు. కింద ఈఈ సంతకం, దాని పక్కన ఎస్ఈ సంతకం, పచ్చ ఇంకులో. ఆ సంతకం కోసం ఎన్నిసార్లు తిరిగారో చెప్పలేదు, నేనూ అడగలేదు. స్కాన్ చేసి పెద్దది చేసి చూపించాను. వేలితో ఆ పచ్చ సంతకాన్ని తాకి, "ఇది అందరికీ కనిపిస్తుందా బాబూ?" అన్నారు.

కమిటీకి మాత్రమే కనిపిస్తుందని చెప్పాను.